ఈతకొలనులో బొడ్డు రింగు: వాటర్‌ప్రూఫ్ ప్లాస్టరా, హై వెయిస్ట్ స్విమ్‌సూటా?

కుట్టించుకున్న బొడ్డు పూర్తిగా మానడానికి 6 నెలల నుంచి ఏడాది దాకా పడుతుంది. పైకి మానినట్టే ఉంటుంది, లోపల ఇంకా పచ్చి. ఈలోపు ఈత తప్పదంటే నా ఓటు టెగాడెర్మ్ లాంటి పల్చటి పారదర్శక ప్లాస్టర్‌కే. లోషన్ రాయకుండా, చర్మం పొడిగా తుడిచి, రింగు చుట్టూ రెండు వేళ్ల వెడల్పు పట్టు ఉండేలా అంటించి అంచులు గట్టిగా అదమాలి. ఒక్క మూల లేచినా నీళ్లు లోపలే నిలిచిపోతాయి; అప్పుడు తీసేయడమే మేలు. కాకపోతే రింగు కనిపిస్తూనే ఉంటుంది.

దాచడానికైతే హై వెయిస్ట్ స్విమ్‌సూటే. మేనత్తల ముందు కూడా నిశ్చింతగా దిగొచ్చు. కానీ నీళ్లను ఆపదు, నడుం పట్టీ సరిగ్గా రింగు మీద పడితే ఒరిపిడి కూడా. పూర్తిగా మానినవాళ్లకు ఇది చాలు.

మానని బొడ్డుతో చెరువులో, నదిలో మాత్రం దిగకండి. కొలను నుంచి బయటికి రాగానే సెలైన్‌తో కడిగి, టిష్యూతో అద్దండి.