ముక్కల ఫైళ్లకి ఏది మేలు: 7-జిప్పా, విన్‌రారా?

పోయిన కనుమకి జగ్గన్నతోట ప్రభల తీర్థం వీడియో నేనే తీశాను. గంగలకుర్రు అగ్రహారం ప్రభని భుజాల మీద మోస్తూ కౌశిక దాటిస్తుంటే, గట్టు మీద నిలబడి, చెయ్యి వణక్కుండా. హైదరాబాద్‌లో ఉన్న తమ్ముడికి పంపాలి. మొత్తం 20 జీబీ. 2 జీబీ చొప్పున 10 ముక్కలు చేసి, అంబాజీపేట నుంచి రెండు రోజులు అప్‌లోడ్ చేశాను. మర్నాడు ఫోను: "అన్నయ్యా, ఏడో ముక్క దగ్గర సీఆర్‌సీ ఎర్రర్ అంటోంది."

ఆ ఎర్రర్ వస్తే కంగారుపడి అన్నీ చెరిపేయకండి. ఆ ఒక్క ముక్క చెడిందంతే. మా వాడు దాన్నొక్కదాన్నే మళ్లీ దింపుకున్నాడు, అయినా అదే పాట. అప్‌లోడ్‌లోనే చెడిందన్నమాట. నేను మళ్లీ ఎక్కించేదాకా వాడికి టెన్షనే.

పెద్ద ఫైలుని ముక్కలు చేసి, ఆ ముక్కల్ని మళ్లీ కలిపి విప్పే సాఫ్ట్‌వేర్లే 7-జిప్, విన్‌రార్. విప్పడం వరకే మీ పని అయితే 7-జిప్ చాలు. పూర్తిగా ఉచితం, విన్‌రార్ చేసే రార్ ముక్కల్నీ విప్పుతుంది. విన్‌రార్ 40 రోజుల ట్రయల్, ఆ తర్వాత కొనుక్కోవాలి. ఏది వాడినా పద్ధతి ఒకటే: ముక్కలన్నీ ఒకే ఫోల్డర్‌లో పెట్టి, పేరు చివర పార్ట్1 అని గానీ 001 అని గానీ ఉన్న మొదటి ముక్క మీద రైట్ క్లిక్ చేసి ఎక్స్‌ట్రాక్ట్ నొక్కాలి. మిగతావి అదే వరసగా తీసుకుంటుంది. పేర్లు మాత్రం మార్చకూడదు. ఒకే ముక్క రెండుసార్లు దింపితే బ్రౌజర్ పేరు చివర బ్రాకెట్లో 1 తగిలిస్తుంది, ఆ బ్రాకెట్ తీసేయాలి. డిస్కులో ముక్కలకి 20, విప్పిన వీడియోకి ఇంకో 20 జీబీ ఖాళీ చూసుకోండి. 7-జిప్ కిటికీలోంచి ఫైల్‌ని మౌస్‌తో బయటికి లాగితే ముందు సీ డ్రైవ్‌లో టెంప్ అనే తాత్కాలిక ఫోల్డర్‌లోకి విప్పుతుంది, అక్కడా చోటు కావాలి. పెద్ద ఫైళ్లకి ఎక్స్‌ట్రాక్ట్ బటనే మంచిది.

కమాండ్ ప్రాంప్ట్‌లో కాపీ కమాండ్‌తో అతికిద్దామనుకుంటే, 7-జిప్ చేసే 001, 002 రకానికి కుదురుతుంది. విన్‌రార్ చేసే పార్ట్1.రార్ రకానికి కుదరదు, దాని ప్రతి ముక్కకీ మొదట్లో సొంత హెడర్, అంటే ఆ ముక్క వివరాలు, ఉంటుంది.

పంపేవాళ్ల సంగతి వేరు. ఇక్కడ నా ఓటు విన్‌రార్‌కే. ముక్కలు చేసేటప్పుడే రికవరీ వాల్యూమ్ అడిగితే, రెవ్ అనే ఫైలు అదనంగా తయారుచేస్తుంది. ఒక రెవ్ ఉంటే, పదింట్లో ఏ ఒక్క ముక్క రాకపోయినా తిరిగి కట్టేస్తుంది. రెండుంటే రెండు. 7-జిప్‌లో ఈ సౌకర్యం లేదు, రెవ్ ఫైళ్లు దానికి అర్థం కావు కూడా. కాబట్టి అవతలివాళ్ల దగ్గరా విన్‌రార్ ఉండాలి. అది కూడా కొత్తదే. 2025లో బయటపడిన ఒక భద్రతా లోపాన్ని 7.13లో సరిచేశారు, దానికంటే పాతది ఉంటే తీసేసి కొత్తది వేసుకోమనండి. తనంతట తాను అప్‌డేట్ కాదు.

ఒకే ఊళ్లో ఇచ్చిపుచ్చుకోవడమైతే ఇదంతా అక్కర్లేదు. ఫ్యాట్32 అనే ఫార్మాట్‌లో ఉన్న పెన్‌డ్రైవ్‌లో 4 జీబీ దాటిన ఫైలు పట్టదు గనుక ముక్కలు చెయ్యాల్సి వస్తుంది, దానికి 7-జిప్ చాలు. మా తమ్ముడికి మాత్రం ఈ కనుమ నుంచి పది ముక్కలకి రెండు రెవ్‌లు కలిపి పంపుతున్నాను.