స్కార్లెట్ పింపర్నెల్ ప్రేమకథ: 1934 చిత్రం మేలా, 1982 చిత్రం మేలా?

ఫ్రెంచి విప్లవం నేపథ్యంగా వచ్చిన ప్రేమకథల్లో ‘ది స్కార్లెట్ పింపర్నెల్’ నాకు అన్నింటికన్నా దగ్గరైన కథ. ఇందులో ప్రేమికులు పెళ్లికోసం తపించే పడుచు జంట కాదు, పెళ్లయ్యాక ఒకరినొకరు నమ్మలేక దూరమైన భార్యాభర్తలు. సర్ పెర్సీ బ్లేక్నీ లండన్ పెద్దింటి విందుల్లో బట్టల మీద తప్ప మరి దేనిమీదా ధ్యాస లేని సోకులరాయుడు. చాటుగా మాత్రం ‘స్కార్లెట్ పింపర్నెల్’ అనే మారుపేరుతో, మారువేషాల్లో ఫ్రాన్సు వెళ్లి, తలలు నరికే గిలెటిన్ యంత్రానికి బలి కానున్న ప్రభువంశీకులను తప్పించి తెస్తుంటాడు. భార్య మార్గరెట్ పారిస్‌లో పేరుపొందిన నటి. ఒక ప్రభువు కుటుంబాన్ని విప్లవకారులకు పట్టించింది ఆమేనని అతడు నమ్ముతాడు. తాను వలచిన మనిషి ఇంత డొల్లవాడు ఎలా అయ్యాడో తెలియక ఆమె కుమిలిపోతుంది. రహస్యం చెబితే ప్రాణాలు పోతాయి, చెప్పకపోతే కాపురం పోతుంది. కథకు ఆయువుపట్టు ఇదే.

బరోనెస్ ఆర్ట్సీ రాసిన ఈ కథ 1905లో నవలగా వచ్చింది. దీన్ని తెరకెక్కించిన వాటిలో రెండింటి మధ్యే అసలు పోటీ. ఒకటి అలెగ్జాండర్ కోర్డా నిర్మాణంలో, హెరాల్డ్ యంగ్ దర్శకత్వంలో 1934లో వచ్చిన నలుపు తెలుపు చిత్రం. లెస్లీ హోవర్డ్, మెర్ల్ ఒబెరాన్ జంట. రెండోది క్లైవ్ డోనర్ దర్శకత్వంలో 1982లో టెలివిజన్ కోసం తీసిన రంగుల చిత్రం. ఆంథొనీ ఆండ్రూస్, జేన్ సీమోర్ జంట.

ప్రేమకథగా చూస్తే 1982 చిత్రమే మేలు. కారణం కథను మొదలుపెట్టిన చోటులోనే ఉంది. 1934 చిత్రం తెర లేచేసరికే పెళ్లి అయిపోయింది, మనసులు విరిగిపోయాయి. వాళ్లు ఒకప్పుడు ఎంత ప్రేమించుకున్నారో మాటల్లో వినవలసిందే. 1982 చిత్రం పారిస్‌లో వాళ్ల పరిచయం నుంచి నడుస్తుంది. అతడు ఆమె వెంట తిరగడం, ఆమె మొదట తేలికగా తీసుకుని మెల్లగా మనసిచ్చుకోవడం, పెళ్లి, ఆ ఆనందంలోనే పిడుగులా వచ్చిపడే అనుమానం, ఇవన్నీ మన కళ్లముందే జరుగుతాయి. అందుకే తర్వాత అతడు ఆమెతో ముభావంగా మాట్లాడిన ప్రతిసారీ, పోగొట్టుకున్నది ఏమిటో మనకు తెలుస్తుంది. నిడివి దాదాపు రెండు గంటల ఇరవై నిమిషాలు. ఆ అదనపు సమయం ఈ కాపురానికే ఎక్కువ ఉపయోగపడింది.

మార్గరెట్ పాత్ర విషయంలోనూ అంతే. మెర్ల్ ఒబెరాన్ అందం కెమెరాను కట్టిపడేస్తుంది. ఆమె పుట్టింది మన బొంబాయిలో. భారతీయ మూలాలను ఆనాటి సినిమా ప్రపంచం నుంచి దాచి, టాస్మేనియాలో పుట్టానని చెప్పుకుంటూ బతకవలసి వచ్చింది. ఆ సంగతి తెలిసి చూస్తే, భర్తకు తన మనసు విప్పలేని మార్గరెట్ ముఖంలో మరో బరువు కనిపిస్తుంది. కానీ చిత్రం ఆమెకు బాధపడటం తప్ప పెద్దగా పని ఇవ్వలేదు. జేన్ సీమోర్‌కు నవ్వడానికి, వాదించడానికి, తెగించడానికి చోటు దొరికింది.

పింపర్నెల్‌ను వేటాడే విప్లవ ప్రభుత్వ ప్రతినిధి, ప్రతినాయకుడు షోవెలిన్‌గా 1934లో రేమండ్ మాసీ కనబడితేనే గది చల్లబడుతుంది. అయితే ఇయాన్ మెకెల్లన్ చేసిన 1982 షోవెలిన్ మార్గరెట్‌ను తానూ కోరుకున్నవాడు. విప్లవం మీద నమ్మకం ఎక్కడ ఆగుతుందో, ఈర్ష్య ఎక్కడ మొదలవుతుందో అతడికే తెలియదు. ప్రేమకథకు ఇలాంటి శత్రువే కావాలి.

మరి 1934 చిత్రం దేనిలో మిన్న? లెస్లీ హోవర్డ్‌లో. బట్టల గురించి, కండువా ముడి గురించి సాగదీస్తూ మాట్లాడే పెర్సీ, ఎవరూ చూడని ఒక్క క్షణంలో కనురెప్పలు పైకెత్తగానే వేరే మనిషైపోతాడు. ఆండ్రూస్ చాలా బాగా చేశాడు, అతడి పెర్సీలో అల్లరి ఎక్కువ. హోవర్డ్ పెర్సీలో మాత్రం అలసట ఉంది, ఒంటరితనం ఉంది. ఇంగ్లీషు పెద్దమనిషికి నమూనాగా నిలిచిన ఈ పాత్రను సృష్టించిన ఆర్ట్సీ, నిర్మాత కోర్డా ఇద్దరూ హంగరీలో పుట్టినవాళ్లు. హోవర్డ్ తండ్రిదీ హంగరీ మూలమే. నటన కోసమే చూసేవారికి నేను 1934 చిత్రమే చెబుతాను. గంటన్నర పైచిలుకులో బిగువుగా ముగుస్తుంది కూడా.

చరిత్ర విషయంలో రెండూ జాగ్రత్తగా చూడవలసినవే. 1982 చిత్రం ఆర్ట్సీ రాసిన మరో నవల ‘ఎల్డొరాడో’ను కూడా కలుపుకుని, చెరలో ఉన్న ఫ్రాన్సు రాజు పదహారో లూయీ కొడుకైన పసి యువరాజును పెర్సీ తప్పించినట్టు చూపింది. నిజానికి ఆ పిల్లవాడు 1795 జూన్ 8న పారిస్‌లోని టెంపుల్ అనే కారాగారంలోనే, పదేళ్ల వయసులో మరణించాడు. అంతకన్నా పెద్ద లోపం మరొకటి ఉంది. జనం ఎందుకు తిరగబడ్డారో ఈ రెండు చిత్రాలూ దాదాపు చెప్పవు. ప్రభువులు బాధితులు, వీధిలో ఉన్నవాళ్లు రక్తపిపాసులు, అంతే. రొట్టె ధర, పన్నుల భారం, ప్రభువుల అహంకారం కనబడకపోతే ఆ కోపం పిచ్చిలా కనిపిస్తుంది. ఇది ఆ జనానికి అన్యాయం.

ఆ కొరత తీరాలంటే 1935 నాటి ‘ఎ టేల్ ఆఫ్ టూ సిటీస్’ చూడాలి. తెన్నేటి సూరి ‘రెండు మహానగరాలు’ అనువాదం ద్వారా డికెన్స్ కథ మనలో చాలామందికి తెలిసిందే. బేసిల్ రాత్‌బోన్ చేసిన మార్క్విస్ అనే ప్రభువు తన బండి కింద పడి చనిపోయిన బిడ్డకు బదులుగా నాణెం విసిరే దృశ్యం చూశాక, బాస్టీల్ కోట జైలు మీదకు జనం పోటెత్తడం వింతగా తోచదు. ఇందులోనూ ప్రేమ ఉంది. రొనాల్డ్ కోల్మన్ నటించిన సిడ్నీ కార్టన్ తనను ప్రేమించని స్త్రీ సుఖం కోసం ఏమి చేశాడో నవల చదివినవారికి చెప్పనక్కర్లేదు. కానీ అది ఒకవైపు ప్రేమ. ఇద్దరు మనుషులు అపనమ్మకాన్ని దాటి మళ్లీ దగ్గరవడం కావాలనుకునేవారు 1982 పింపర్నెల్‌తో మొదలుపెట్టండి. కార్టన్ చిత్రాన్ని మాత్రం అదే వారంలో చూడండి, మరీ ఆలస్యం చేయకుండా.