లేకాక్: అద్దెకుండేవాళ్ల పాత ఊరు

ఇంగ్లాండులో ఉన్న పిల్లల దగ్గరికి వచ్చే మన పెద్దవాళ్లకు లండన్, బాత్, స్టోన్‌హెంజ్ చూపించడం ఆనవాయితీగా మారింది. ఆ చుట్టుపక్కలే, విల్ట్‌షైర్‌లోని చిప్పెన్‌హామ్ పట్టణానికి దక్షిణంగా దాదాపు ఐదు కిలోమీటర్ల దూరంలో లేకాక్ అనే చిన్న ఊరుంది. దీనికి ఒక పూట కాదు, ఒక రోజంతా ఇవ్వాలని మా అత్తమామలను వెంటబెట్టుకుని వెళ్లి వచ్చాక నాకు గట్టిగా అనిపించింది.

ఊరి పొందిక చాలా సులువైనది. హై స్ట్రీట్, వెస్ట్ స్ట్రీట్, చర్చ్ స్ట్రీట్, ఈస్ట్ స్ట్రీట్ అనే నాలుగు వీధులు ఒక చతురస్రంగా కలుస్తాయి. పాత రోజుల్లో సంత జరిగిన హై స్ట్రీట్ మాత్రం మిగతావాటికన్నా విశాలంగా ఉంటుంది. కలప చట్రాల ఇళ్లు, రాతి ఇళ్లు, తరువాతి కాలపు ఎర్ర ఇటుకల ఇళ్లు ఒకదానినొకటి ఆనుకుని నిలబడి ఉంటాయి. విద్యుత్ తీగలు, టీవీ యాంటెనాలు కంటపడవు, రోడ్డు అంచున పసుపు గీతలు కూడా ఉండవు. పాత కాలపు కథలను చిత్రీకరించేవాళ్లు ఇక్కడికి పదేపదే రావడానికి కారణం ఇదే.

ఇంత చెక్కుచెదరకుండా ఎలా నిలిచిందన్నదే అసలు ప్రశ్న. మధ్యయుగంలో ఉన్ని వ్యాపారంతో బాగుపడిన ఈ ఊరు, ఆ వ్యాపారం తగ్గాక పెద్దగా పెరగలేదు. పక్కనే రైలు వచ్చిన చిప్పెన్‌హామ్ పట్టణంగా ఎదిగితే లేకాక్ ఉన్నచోటే ఉండిపోయింది. అంతకన్నా ముఖ్యంగా, ఊళ్లో ఇళ్లు చాలావరకు శతాబ్దాల పాటు ఒకే జమీందారీ చేతిలో ఉన్నాయి. 1944లో ఆ జమీందారీ వారసురాలు మటిల్డా టాల్బట్ తన భవనంతో పాటు ఊరిని కూడా, చారిత్రక కట్టడాలను కాపాడే నేషనల్ ట్రస్ట్ సంస్థకు దానంగా ఇచ్చేశారు. నేటికీ ఈ ఇళ్లలో ఎక్కువ భాగం ట్రస్టువే, కాపురముంటున్నవాళ్లు అద్దెదారులు. కిటికీ చెక్కకు ఇష్టమొచ్చిన రంగు వేసుకునే స్వేచ్ఛ లేని ఇంట్లో తరాల తరబడి ఉండడం ఎలా ఉంటుందో అని మా మామగారు చాలాసేపు ఆలోచించారు. ఆ ఆలోచన నాకూ కలిగింది. మనం మెచ్చుకునే ఈ అందంలో కొంత భాగం అక్కడివాళ్లు వదులుకున్న హక్కుల మీద నిలబడి ఉంది.

ఊరి చివరనున్న లేకాక్ అబ్బే, అంటే తరువాత టాల్బట్ల భవనంగా మారిన పాత క్రైస్తవ మఠం, చూడకుండా వస్తే ప్రయాణం సగమే అయినట్లు. భర్త చనిపోయిన తరువాత ‘ఎలా’ (Ela) అనే పేరుగల సాలిస్‌బరీ కౌంటెస్ 1232లో సన్యాసినుల కోసం దీనిని స్థాపించి, కొన్నేళ్లకు తానే మఠాధిపతి అయ్యారు. 1539లో హెన్రీ 8 ప్రభుత్వం మఠాన్ని మూయించాక, విలియం షారింగ్టన్ అనే అధికారి 783 పౌండ్లకు దీనిని కొన్నాడు. చర్చిని పడగొట్టించాడు గానీ, మధ్యలోని చతురస్ర వరండాలను అలాగే ఉంచి, వాటి మీదా చుట్టూ తన నివాసం కట్టుకున్నాడు. అందువల్ల కింద మధ్యయుగపు మఠం, పైన జమీందారు ఇల్లు ఒకే కట్టడంలో కనిపిస్తాయి. ఈ వరండాల్లో తీసిన మాంత్రిక బాలుడు హ్యారీ పాటర్ సినిమాల వల్ల వచ్చే జనమే ఎక్కువ. సెలవు రోజుల్లో వాళ్ల ఫోటోల వరుస తెగదు.

ఫోటోల మాట వచ్చింది కాబట్టి చెప్పాలి. పై అంతస్తులోని దక్షిణ గ్యాలరీలో, గోడ నుంచి బయటికి పొడుచుకు వచ్చిన చిన్న కిటికీ ఒకటి ఉంది. 1835 ఆగస్టులో ఈ ఇంటి యజమాని విలియం హెన్రీ ఫాక్స్ టాల్బట్ తపాలా బిళ్లంత కాగితం మీద దాని ప్రతిబింబాన్ని పట్టుకున్నారు. కెమెరాతో తీసిన నెగెటివ్‌లలో నేటికీ మిగిలి ఉన్న అన్నింటికన్నా పాతది అదే. ఆయన వాడిన చిన్న చెక్క పెట్టెలను భార్య కాన్‌స్టన్స్ ఎలుకల బోనులని పిలిచేదట. ఫ్రాన్స్‌లో డాగెర్ అనే ఆయన ఫోటో పద్ధతిలో ఒక్క బొమ్మే వచ్చేది. నెగెటివ్ నుంచి మాత్రం ఎన్ని ప్రతులైనా తీయవచ్చు, ఫిల్మ్ రోజులన్నీ ఆ సూత్రం మీదే నడిచాయి. ద్వారం దగ్గరి మ్యూజియం ఈ కథను చక్కగా చెబుతుంది, తొందరపడి దాటవేయకండి.

వీధుల్లో నన్ను ఎక్కువసేపు నిలబెట్టినది జార్జ్ ఇన్. లోపల పొయ్యి పక్కన గోడకు ఎత్తుగా బిగించిన ఒక చెక్క చక్రం ఉంది. అందులో పొట్టికాళ్ల కుక్కను పరిగెత్తించి, ఆ తిరుగుడుతో మంట మీది మాంసపు కడ్డీని తిప్పేవారు. ‘కుక్క చేత కూడా గానుగ తిప్పించారన్నమాట’ అని మా అత్తగారు ముక్కున వేలేసుకున్నారు. 14వ శతాబ్దపు పన్ను ధాన్యపు కొట్టు, దాని దగ్గరే తాగుబోతులను రాత్రికి మూసిపెట్టిన గుమ్మటపు గది, సెయింట్ సిరియక్ చర్చిలో షారింగ్టన్ సమాధి నడకలోనే చూడవచ్చు.

ఇక సౌకర్యాలు. ట్రస్టు పార్కింగ్ స్థలం ఊరి అంచునే ఉంది, సభ్యులు కానివాళ్లు రుసుము కట్టాలి. లండన్ ప్యాడింగ్టన్ నుంచి రైల్లో చిప్పెన్‌హామ్‌కు గంటా పది నిమిషాలకు కాస్త అటూ ఇటూ పడుతుంది, అక్కడి నుంచి బస్సుంది. ఆదివారం వెళ్లేవాళ్లు తిరుగు బస్సు వేళ ముందే చూసుకోవడం మంచిది. అబ్బే పై గదులకు మెట్లెక్కక తప్పదు. మోకాళ్ల నొప్పులున్న మా అత్తగారు కింది వరండాలతోనే సరిపెట్టుకున్నారు. భోజనం విషయంలో శాకాహారులు పెద్దగా ఆశపడకూడదు: సూపు, రొట్టె, చీజ్ శాండ్‌విచ్, బంగాళాదుంప వేపుడు తప్ప మాకు నచ్చినవి దొరకలేదు. పులిహోర కట్టుకుని వెళ్లినవాళ్లే తెలివైనవాళ్లు.

బస మేము ఊళ్లోనే, ఒక పాత ఇంట్లో చేశాం. దూలాలు నెత్తికి తగిలేంత కిందికి, మెట్లు నిచ్చెనంత నిటారుగా ఉన్నాయి. ఆ సంగతి బుకింగ్ సమయంలో ఎవరూ చెప్పలేదు. ఇచ్చిన డబ్బుకు గది చిన్నది. అయినా బస్సులు వెళ్లిపోయిన సాయంత్రం, పొద్దున పదింటికి ముందు ఊరు మనకే వదిలినట్టు ఉంటుంది కాబట్టి, ఓపికున్న దంపతులకు ఆ ఖర్చు దండగ కాదు. పెద్దవాళ్లతో వెళ్లేవాళ్లు మాత్రం చిప్పెన్‌హామ్‌లో లిఫ్టున్న మామూలు హోటల్ చూసుకుని, పొద్దున్నే బయలుదేరడం మేలు.

చాలామంది దీని బదులు దగ్గరలోని కాసిల్ కూమ్‌ను సూచిస్తారు. వాగు మీది వంతెన, వెనక తేనె రంగు రాతి ఇళ్లు, నిజానికి ఫోటోకు అదే ముందుంటుంది. కానీ వీధి చివరిదాకా నడిచి వస్తే అక్కడ చూడాల్సింది దాదాపు అయిపోతుంది, పైగా పక్కనున్న కార్ల పందేల ట్రాక్ మోత కొన్ని రోజులు లోయదాకా వినిపిస్తుంది. రెండూ చూసే వీలుంటే కాసిల్ కూమ్‌కు ఒక గంట, మిగిలిన రోజంతా లేకాక్‌కు ఇవ్వమంటాను. ఒక్కదానికే వీలైతే లేకాకే, అదీ బడి సెలవులు లేని మామూలు వారపు రోజున.