బేస్ మోడల్ కారుకు క్రూయిజ్ కంట్రోల్: కంపెనీ స్విచ్‌లు మేలా, బయటి కిట్ మేలా?

హన్మకొండ నుంచి హైదరాబాద్‌కు కారులో తరచూ వెళ్లొచ్చేవాళ్లకు ఈ ఆలోచన ఎప్పుడో ఒకప్పుడు వస్తుంది. మడికొండ దాటాక స్టేషన్ ఘన్‌పూర్, జనగామ, ఆలేరు మీదుగా భువనగిరి దాకా నాలుగు లైన్ల రోడ్డు. కుడికాలు యాక్సిలరేటర్ మీద ఒకే తీరుగా పెట్టి కూర్చుంటే మోకాలు పట్టేస్తుంది. అదే ఇంజిన్, అదే గేర్‌బాక్స్ ఉన్న టాప్ మోడల్‌లో స్టీరింగ్ మీద క్రూయిజ్ కంట్రోల్ బటన్ నొక్కితే చాలు, స్పీడ్ సంగతి కారే చూసుకుంటుంది. ఆ బటన్ మన బేస్ మోడల్‌కు ఇంట్లోనే పెట్టుకోలేమా?

చాలా కార్లకు పెట్టుకోవచ్చు. దారులు రెండు. ఒకటి, టాప్ మోడల్‌కు కంపెనీ ఇచ్చే స్విచ్‌లనే తెచ్చి వేసుకోవడం. రెండోది, యాక్సిలరేటర్ పెడల్‌కూ ఇంజిన్ కంప్యూటర్‌కూ మధ్యలో కూర్చునే బయటి కిట్ పెట్టడం. కేబుల్ యాక్సిలరేటర్ ఉన్న పాత బండ్లకు ఇంకో దారి ఉంది కానీ దాని గురించి రెండు ముక్కల్లో చెప్పి వదిలేస్తాను.

దీన్ని ఎక్కడ వాడతారో ముందు తేల్చుకోండి. హైదరాబాద్ వెళ్లే 163వ నంబరు జాతీయ రహదారి మీద, కామారెడ్డి, నిర్మల్ మీదుగా ఆదిలాబాద్ వెళ్లే 44వ నంబరు రహదారి మీద ఇది నిజంగా పనికొస్తుంది. ములుగు దాటి తాడ్వాయి అడవిలో మలుపుల మీద దీనికి పని లేదు. యాసంగి కోతలప్పుడు, వానాకాలం పంట చేతికొచ్చినప్పుడు ఊళ్ల దగ్గర రోడ్డు మీద ఒక పక్కంతా వడ్లో మక్కలో ఆరబోసి ఉంటాయి, అంచున రాళ్లు పెట్టి ఉంటాయి. అక్కడా దీన్ని మరిచిపోవాలి. వాన పడుతున్నప్పుడు అసలే వద్దు. నీళ్ల మీద టైరు పట్టు తప్పినా మామూలు క్రూయిజ్‌కు ఆ సంగతి తెలియదు, స్పీడ్ నిలబెట్టాలనే చూస్తుంది. మీ ప్రయాణాలన్నీ పరకాల, నర్సంపేట లోపలే అయితే ఈ డబ్బుతో మంచి టైర్లు వేయించుకోండి.

క్రూయిజ్ పేరుతో అమ్మే వేరే సరుకు

ట్రాక్టర్ తోలినవాళ్లకు హ్యాండ్ యాక్సిలరేటర్ తెలుసు. లివర్ ఒకచోట పెడితే రేస్ అక్కడే ఉంటుంది. కారులో రేస్‌ను అలా ఒకచోట పట్టి ఉంచితే, ఎత్తు వస్తే బండి నెమ్మదిస్తుంది, దిగుడు వస్తే పరుగెడుతుంది. క్రూయిజ్ కంట్రోల్ చేసే పని వేరు. అది పట్టుకునేది రేస్‌ను కాదు, స్పీడ్‌ను. చక్రాల వేగం చూస్తూ, తగ్గితే రేస్ పెంచుతూ, పెరిగితే తగ్గిస్తూ పోతుంది. చిన్నప్పుడే చూపు పోయిన అమెరికన్ ఇంజినీరు రాల్ఫ్ టీటర్ దీనికి 1950లో పేటెంట్ తెచ్చుకున్నాడు. కారు నడిపే లాయరు మాటల్లో పడి స్పీడ్ పెంచుతూ తగ్గిస్తూ ఉంటే విసుగొచ్చి కనిపెట్టాడని చెప్తారు. 1958లో క్రైస్లర్ ఇంపీరియల్‌లో మొదట వచ్చింది.

ఈ తేడా ఎందుకు చెప్తున్నానంటే, ఆన్‌లైన్‌లో పెడల్ బూస్టర్లు, థ్రాటిల్ కంట్రోలర్లు అని అమ్ముతారు. కొన్నవాళ్లలో కొందరు అవే క్రూయిజ్ అనుకుంటున్నారు. వాటికి బండి స్పీడ్ ఎంతో తెలియదు. పెడల్ ఎంత నొక్కితే ఎంత రేస్ వెళ్లాలో ఆ లెక్కను మాత్రమే మారుస్తాయి. యాక్సిలరేటర్ పెడల్‌ను నొక్కి పట్టే క్లిప్పులు, రాడ్‌ల లాంటివి ఇంకా ఘోరం. బ్రేక్ తొక్కినా అవి వదలవు.

కంపెనీ స్విచ్‌ల దారి

ఇప్పటి కార్లలో యాక్సిలరేటర్‌కు, ఇంజిన్‌కు మధ్య లాగే కేబుల్ ఉండదు. పెడల్ దగ్గరున్న సెన్సర్లు ఎంత నొక్కారో ఈసీయూకు, అంటే ఇంజిన్ కంప్యూటర్‌కు, చెప్తాయి, థ్రాటిల్‌ను (ఇంజిన్‌లోకి గాలి వదిలే మూతను) మోటార్ తిప్పుతుంది. అంటే క్రూయిజ్‌కు కావలసిన యంత్రమంతా బండిలో ఇప్పటికే ఉన్నట్టే. స్పీడ్ సమాచారం, బ్రేక్ స్విచ్, చాలా వాటిలో క్లచ్ స్విచ్ కూడా ఈసీయూకు వస్తూనే ఉంటాయి. టాప్ మోడల్‌కూ బేస్ మోడల్‌కూ ఒకే ఈసీయూ ఉంటే దానిలో క్రూయిజ్ ప్రోగ్రాం కూడా ఉండే అవకాశం ఎక్కువ. లేనిది దానికి చెప్పే బటనే.

మన దేశంలో దీనికి బాగా తెలిసిన ఉదాహరణ ఫోక్స్‌వ్యాగన్ పోలో, వెంటో, స్కోడా ర్యాపిడ్. వాటిలో ఇండికేటర్ కాడ మార్చి, దానికి తగ్గ వైరు లాగి, ల్యాప్‌టాప్‌తో కోడింగ్ చేసి క్రూయిజ్ తెచ్చుకున్న ఓనర్లు చాలామంది. మిగతా కార్లలో ఎక్కువగా బటన్లు స్టీరింగ్ మీదే వస్తాయి. కొన్నింటికి స్విచ్ పెట్టగానే ఈసీయూ గుర్తుపడుతుంది, కొన్నింటికి కారు కంప్యూటర్‌కు తగిలించే స్కానర్‌తో ఆన్ చేయాలి.

స్విచ్ కొనకముందే ఈసీయూ పార్ట్ నంబరు చూడండి. మీ ఇంజిన్, మీ గేర్‌బాక్స్, మీ సంవత్సరం టాప్ మోడల్ నంబరుతో కలిస్తే ముందుకెళ్లొచ్చు. పేరు ఒకటే కదా, బటన్ సైజు సరిపోయింది కదా అని కొంటే ఇబ్బంది పడతారు. ఈ స్విచ్‌లలో చాలావరకు అన్ని బటన్లకూ కలిపి ఒకటే వైరు వెళ్తుంది. ఒక్కో బటన్ వెనక ఒక్కో విలువ రెసిస్టర్ ఉంటుంది, వోల్టేజీని బట్టి ఏది నొక్కారో ఈసీయూ తెలుసుకుంటుంది. ఒక మోడల్ స్విచ్ ఇంకో మోడల్‌లో చక్కగా కూర్చున్నా సెట్ నొక్కితే క్యాన్సిల్ అనుకోవచ్చు, లేదా ఏమీ జరగకపోవచ్చు.

అసలు టెన్షన్ ఎయిర్‌బ్యాగ్ దగ్గర. స్టీరింగ్ స్విచ్ వేయాలంటే చాలా కార్లలో ఎయిర్‌బ్యాగ్ విప్పాలి. బ్యాటరీ నెగటివ్ తీసి, మాన్యువల్‌లో చెప్పినన్ని నిమిషాలు ఆగాలి. తీగ తీసినా ఎయిర్‌బ్యాగ్ కంప్యూటర్‌లో కాసేపు చార్జ్ మిగిలి ఉంటుంది. ఎయిర్‌బ్యాగ్‌కు వెళ్లే పసుపు రంగు కనెక్టర్లలో మల్టీమీటర్ పెట్టొద్దు. విప్పిన ఎయిర్‌బ్యాగ్‌ను కవర్ పైకి ఉండేలా పెట్టాలి. స్క్రాప్‌లో స్టీరింగ్ మొత్తం చవకగా దొరుకుతోందని ఎయిర్‌బ్యాగ్‌తో సహా తెచ్చుకునేవాళ్లున్నారు. బటన్లు తెచ్చుకోండి, బ్యాగ్ మాత్రం మీదే ఉంచుకోండి.

స్టీరింగ్ వెనక క్లాక్ స్ప్రింగ్ ఉంటుంది. స్టీరింగ్ ఎంత తిరిగినా తీగలు తెగకుండా చుట్టలా చుట్టి ఉండే పట్టీ అది. హారన్, ఎయిర్‌బ్యాగ్, బటన్లు అన్నీ దానిమీద ఆధారపడ్డవే. ఆడియో బటన్లున్న మధ్య మోడల్ అయితే అందులో క్రూయిజ్ వైర్లు కూడా ముందే ఉండొచ్చు. అప్పుడు ఓపికున్నవాళ్లు ఇంట్లోనే చేసుకోవచ్చు. బటన్లే లేని బేస్ మోడల్‌కు క్లాక్ స్ప్రింగే మార్చాల్సి రావొచ్చు. అది మధ్యలో సరిగ్గా కూర్చోకపోతే మొదటి యూటర్న్‌లోనే పట్టీ తెగి ఎయిర్‌బ్యాగ్ లైట్ వెలుగుతుంది. ఆ పనికి స్క్రూడ్రైవర్ పక్కనపెట్టి వర్క్‌షాప్‌కు వెళ్లడమే నా సలహా.

బయటి కిట్ దారి

ఈసీయూలో ప్రోగ్రాం లేని బండికి మిగిలేది ఇదే. అమెరికాలో రోస్ట్రా లాంటి కంపెనీలు ఇలాంటివి ఎప్పటినుంచో చేస్తున్నాయి. పెడల్ దగ్గర కనెక్టర్ పీకి మధ్యలో కిట్ తీగను పెడతారు. క్రూయిజ్ ఆన్ కాగానే పెడల్ మాటకు బదులు కిట్ తన మాట ఈసీయూకు వినిపిస్తుంది. స్టీరింగ్ ముట్టుకోనక్కర్లేదు, ఎయిర్‌బ్యాగ్ భయం లేదు, కారు అమ్మేటప్పుడు తీసేసుకోవచ్చు. వినడానికి ఇదే సులువు.

కానీ ఈ దారిలో కిట్ నాణ్యత మీదే అంతా ఉంది. పెడల్‌లో సెన్సర్ ఒకటి కాదు, రెండు. చాలా కార్లలో రెండోది ఇచ్చే వోల్టేజీ మొదటిదానిలో సగం ఉంటుంది. రెండూ లెక్క కలవకపోతే ఈసీయూ నమ్మదు. చెక్ ఇంజిన్ లైట్ వెలిగించి బండిని లింప్ మోడ్‌లో పెట్టేస్తుంది, రేస్ ఇచ్చినా లేవదు. కిట్ ఈ రెండింటినీ సరిగ్గా అనుకరించాలి. కరెంటు పోయినా, లోపల ఏదైనా కాలినా, పెడల్ సిగ్నల్ నేరుగా ఈసీయూకు వెళ్లిపోయే ఏర్పాటు ఉండాలి. కొనేముందు ఇది అడగండి. జవాబు చెప్పలేని దుకాణంలో కొనొద్దు.

మీ కారుకే చేసిన కనెక్టర్‌తో వచ్చే కిట్ ఒకటైతే, అన్ని బండ్లకూ సరిపోతుందని అమ్మే యూనివర్సల్ కిట్ ఇంకొకటి. రెండో రకంలో వైర్లు కోసి అతకాలి. స్పీకర్ వైరు అయితే అతుక్కోవచ్చు. పెడల్ వైరును కోసి ఇన్సులేషన్ టేపు చుట్టడం నేను ఒప్పుకోను. మన ఎండలకు ఆ టేపు జిగురు కారి ఊడిపోతుంది, తర్వాత ఆ అతుకు ఎప్పుడు వదులవుతుందో తెలియదు.

ఇక బ్రేక్ వైరు. కొన్ని కిట్లు, ముఖ్యంగా పాత తరహావి, బ్రేక్ తొక్కనప్పుడు బ్రేక్ బల్బు ఫిలమెంట్ గుండా ఎర్త్ అందుతోందా అని చూస్తాయి. మామూలు బల్బు తీసి ఎల్ఈడీ వేసిన బండిలో ఆ ఎర్త్ దొరకదు, క్రూయిజ్ సెట్టే కాదు. కిట్ పాడైందని తిట్టుకుంటారు కానీ తేడా బల్బులో ఉంటుంది. క్లచ్ కూడా అంతే ముఖ్యం. క్రూయిజ్ నడుస్తుండగా క్లచ్ తొక్కితే ఇంజిన్ మీద భారం పోతుంది, రేస్ అలాగే ఉంటే ఆర్‌పీఎం (ఇంజిన్ తిరిగే వేగం) ఎగిరి ఇంజిన్ ఒక్కసారిగా అరుస్తుంది. క్లచ్ వైరు కలపకుండా, బ్రేక్ ఉంది కదా చాలు అని పని ముగించే ఫిట్టర్లున్నారు. దగ్గరుండి చూసుకోండి.

ఏది మేలు?

ఈసీయూ నంబరు కలిసి, క్లాక్ స్ప్రింగ్‌లో వైర్లు ఉంటే కంపెనీ స్విచ్‌లే. ఇందులో నాకు రెండో మాట లేదు. స్పీడ్ నిలబెట్టడం ఏ మంచి కిట్ అయినా చేస్తుంది. తేడా తెలిసేది బర్రె అడ్డమొచ్చినప్పుడు, డివైడర్ సందులోంచి ఆటో ఎదురొచ్చినప్పుడు. అప్పుడు క్రూయిజ్ ఎంత నమ్మకంగా వదిలేస్తుందన్నదే నేను చూసేది. కంపెనీ ప్రోగ్రాం బ్రేక్ స్విచ్‌ను తనే నేరుగా చూస్తుంది, ఏ సెన్సర్ తేడా చెప్పినా క్రూయిజ్ ఆపేస్తుంది. కిట్‌లో ఆ నమ్మకం మనం కలిపిన తీగల మీద ఉంటుంది. కొన్ని బండ్లలో అదే బటన్లతో, పెట్టిన వేగం దాటనివ్వని స్పీడ్ లిమిటర్ కూడా వస్తుంది. కాజీపేట, హన్మకొండ ట్రాఫిక్‌లో క్రూయిజ్ కంటే అదే ఎక్కువ పనికొస్తుంది.

నంబరు కలవకపోతే, మీ మోడల్‌కే చేసిన ప్లగ్ కిట్ దొరికితే అది రెండో ఎంపిక. యూనివర్సల్ కిట్ ఒక్కటే దొరికితే మానుకోండి. వారంటీలో ఉన్న కారుకు ఏది వేసినా వైరింగ్ క్లెయిమ్ దగ్గర పేచీ రావొచ్చు. అయితే అదే మోడల్‌కు కంపెనీ అమ్మే పార్టు వేశానని చెప్పడం, పెడల్ మధ్యలో పెట్టె పెట్టానని చెప్పడం కంటే తేలిక. ఇన్సూరెన్స్ వాళ్లకు రాతపూర్వకంగా ఒక మాట చెప్పి ఉంచండి.

కేబుల్ యాక్సిలరేటర్ ఉన్న పాత బండ్లకు వాక్యూమ్‌తోనో మోటార్‌తోనో కేబుల్ లాగే యంత్రాలున్నాయి. పాత కేబుల్ ఎక్కడైనా పట్టేస్తే రేస్ అలాగే నిలిచిపోతుంది. అంత వయసున్న బండికి నేను వేయను, ఎవరినీ వేయమనను. ముందు కారును చూసి అదే తగ్గి నడిచే అడాప్టివ్ క్రూయిజ్ మాటకొస్తే, దానికి రాడార్, కెమెరా, బ్రేకులను నడిపే వ్యవస్థ కావాలి, ఇంట్లో అయ్యే పని కాదు.

మైలేజ్ కోసమే పెడుతున్నామనేవాళ్లకు ఒక లెక్క. గాలి అడ్డు వేగం వర్గాన్ని (వేగం × వేగం) బట్టి పెరుగుతుంది. 80 నుంచి 100కు వెళ్తే అది 56 శాతం ఎక్కువ. నాలుగు లైన్ల రోడ్డు మీద కార్లకు 2018లో కేంద్రం పెట్టిన గరిష్ఠ పరిమితి గంటకు 100 కిలోమీటర్లు. బోర్డు మీద అంతకంటే తక్కువ ఉంటే అదే లెక్క. 60 కిలోమీటర్ల దూరానికి 80లో 45 నిమిషాలు పడితే 100లో 36. ఆ తొమ్మిది నిమిషాలు వదులుకుంటేనే మైలేజ్. 100లో సెట్ చేసి పెట్రోల్ మిగలాలంటే క్రూయిజ్ ఏం చేస్తుంది?

ఏది వేసినా మొదటిసారి ట్రాఫిక్ లేని పొద్దున, నేరుగా ఉన్న రోడ్డు మీద, పక్కన ఒకరిని కూర్చోబెట్టుకుని చూడండి. 50లో సెట్ చేసి బ్రేక్ పెడల్‌ను ఊరికే తాకండి, వదలాలి. మళ్లీ సెట్ చేసి క్లచ్ తాకండి, ఆర్‌పీఎం ఎగరకుండా వదలాలి. హెడ్‌లైట్లు వేసి బ్రేక్ పరీక్ష ఇంకోసారి చేయండి. వెనక లైట్ల ఎర్త్ సరిగా లేకపోతే అప్పుడే బయటపడుతుంది. ఓవర్‌టేక్ చేస్తున్నట్టు రేస్ ఇచ్చి కాలు తీస్తే మళ్లీ 50కే రావాలి. వీటిలో ఏ ఒక్కటి తప్పినా, కిట్ అయితే అక్కడే పక్కన ఆపి దాని ప్లగ్ తీసి పెడల్ కనెక్టర్‌ను నేరుగా పెట్టేయండి. స్విచ్‌లైతే మెయిన్ బటన్ ఆఫ్‌లోనే ఉంచి, స్కానర్ ఉన్న ఎలక్ట్రీషియన్ దగ్గరికి మామూలుగా నడుపుకుంటూ వెళ్లండి.