బోర్గెన్ డీవీడీ బాక్స్, మూడు సీజన్లూ చూశాక

మా బావ లండన్ నుంచి వస్తూ ఏం తెమ్మంటావ్ అనడిగితే చాక్లెట్లొద్దు బావా, డెన్మార్క్ టీవీ సీరియల్ బోర్గెన్ డీవీడీ సెట్ సెకండ్ హ్యాండ్‌లో దొరికితే పట్రా అన్నా, తెచ్చాడు. సీజన్‌కి పది చొప్పున 30 ఎపిసోడ్లు, ఒక్కోటి దాదాపు గంట. తీరా ప్లేయర్లో పెడితే ఆడనంది. డీవీడీలకి ప్రాంతాన్ని బట్టి రీజియన్ నంబర్ ఉంటుంది, వేరే నంబర్ డిస్కు మన ప్లేయర్ తీసుకోదు. అక్కడి డిస్కులు రీజియన్ 2, మనది రీజియన్ 5, ఆ సంగతే మర్చిపోయా. చివరికి లాప్‌టాప్‌కి పాత యూఎస్‌బీ డ్రైవ్ తగిలించి రీజియన్ మార్చి చూశాం, అదీ ఐదుసార్లే మార్చనిస్తుంది, ఆ తర్వాత అక్కడే లాక్, కాబట్టి కాస్త చూసుకుని నొక్కండి.

ఇంకో తిప్పలేంటంటే మాటలు డేనిష్, సబ్‌టైటిల్స్ ఇంగ్లీషు. అమ్మకి ఇంగ్లీషు చదవడం రాదు, నేను పక్కన కూచుని తెలుగులో చెప్తూ పోవాలి, రెండు ఎపిసోడ్లకే గొంతు పోయింది. అయినా ఆవిడ లేవలేదు.

ఇది డెన్మార్క్ రాజకీయాల సీరియల్, 2010లో అక్కడి ప్రభుత్వ చానెల్ డీఆర్‌లో మొదలైంది. కోపెన్‌హాగెన్‌లో పార్లమెంటు, ప్రధాని ఆఫీసు ఉండే క్రిస్టియన్స్‌బోర్గ్ ప్యాలెస్‌ని అక్కడోళ్ళు బోర్గెన్ అంటారు, అంటే కోట. పార్లమెంటులో 179 సీట్లు, ఏ పార్టీకీ సొంతంగా మెజారిటీ రాదు, రెండో ఎపిసోడ్ పేరే 'తొంభై దాకా లెక్కపెట్టు'. మ్యాజిక్ ఫిగర్ అనే మాట వింటూ పెరిగినోళ్ళం, మనకి విడమర్చి చెప్పక్కర్లేదు.

మొదటి ఎపిసోడ్‌లోనే లండన్ షాపులో పెళ్ళాం బ్యాగు కోసం గొడవ చేస్తుంటే పరువు పోతుందని ప్రధాని ఆఫీసు కార్డు గీకేస్తాడు, ఆ బిల్లు చేతులు మారి మారి ఎలక్షన్ ముందు టీవీ డిబేట్‌లో బయటపడుద్ది, దాన్ని బయటపెట్టినోడూ మునుగుతాడు, మధ్యలో మన కథానాయిక, ఇంకో పార్టీ నాయకురాలు బిర్గిటె న్యూబోర్ గెలిచి ప్రధాని అవుతుంది. "బిల్లు చింపి పారేయక దాచుకోవడమేంటి" అంది అమ్మ. నిజమే కదా!

కానీ ఆవిడ అసలు అతుక్కుపోయింది బిర్గిటె ఇంటి సీన్లకి. పిల్లల్ని స్కూలుకి తోలడం, మొగుడు ఫిలిప్‌తో వంటింట్లో మాటలు. ఐదేళ్ళు నీ కెరీర్, ఐదేళ్ళు నా కెరీర్ అని వాళ్ళిద్దరికీ ఒప్పందం. "ఒప్పందం పెట్టుకుని సంసారం చేసేవాళ్ళు మొదట విడిపోయేది దానిమీదే" అంది, నేను అప్పటికే చూసేశా కాబట్టి నోరు మూసుకు కూచున్నా.

ఈ సీరియల్ బలమంతా ఆ వంటిల్లే అని నా లెక్క, అది ఊరికే రాలేదు. దీన్ని సృష్టించిన ఆడమ్ ప్రైస్ అమ్మానాన్నలిద్దరూ నాటకాలవాళ్ళు. ఈయన టాక్సీవాళ్ళ సీరియల్ 'టాక్సా'కి రాసి, 'నికోలై ఓ జూలీ' అనే ఇంకో సీరియల్‌తో పేరు తెచ్చుకుని (దానికి ఇంటర్నేషనల్ ఎమ్మీ అనే టీవీ అవార్డు వచ్చింది), ఇంకోపక్క 'పొలిటికెన్' పేపర్లో హోటళ్ళ తిండి మీద రివ్యూలు రాశాడు. 2008 నుంచి అన్న జేమ్స్‌తో కలిసి టీవీలో వంట ప్రోగ్రాం కూడా, వెన్న ముద్దలు ముద్దలుగా వేస్తారు, మన నెయ్యి పిచ్చోళ్ళకి భలే నచ్చుద్ది. అంటే బోర్గెన్ రాస్తున్న రోజుల్లోనే ఈయన అక్కడి జనానికి వంటాయన కూడా అన్నమాట. కేబినెట్ పదవులు పంచే సీన్ చూస్తే నాకైతే ఎవరికి ఏ ముక్క వడ్డించాలో తెలిసినోడు రాసినట్టే ఉంటది. ఒక్కడే రాయలేదు లెండి, జెపె గ్యార్విగ్ గ్రామ్, టోబియాస్ లిండ్‌హోమ్ కూడా ఉన్నారు.

తమాషా ఏంటంటే ఇది మొదలైన మరుసటేడే, 2011లో, డెన్మార్క్‌కి నిజంగానే మొదటి మహిళా ప్రధాని వచ్చింది, హెలె థోర్నింగ్ ష్మిట్. సీరియల్లో బిర్గిటె పార్టీ పేరు మోడరేట్స్, తర్వాత నిజంగానే ఒక మాజీ ప్రధాని ఆ పేరుతోనే పార్టీ పెట్టి 2022లో ప్రభుత్వంలో చేరాడు.

నచ్చనిదీ ఉంది. రెండో సీజన్లో లేని ఆఫ్రికా దేశం ఒకటి కల్పించి శాంతి చర్చలు పెట్టారు, అక్కడ అట్టముక్కల సెట్టు చూస్తున్నట్టు ఉంటది. మూడో సీజన్ కూడా మొదటి రెండింటంత పట్టు లేదు. కూతురు లౌరా ఆందోళనతో బాధపడే ఎపిసోడ్లు మాత్రం అమ్మ మాట్లాడకుండా చూసింది, నేను అనువాదం ఆపేసినా అడగలేదు.

గ్రీన్‌లాండ్ చమురు మీద 2022లో వచ్చిన నాలుగో సీజన్ ఈ బాక్స్‌లో లేదు, నెట్‌ఫ్లిక్స్‌లోనే చూడాలి. నాలుగు స్టార్లు. ఆ ఒక్కటీ కోసింది రీజియన్ గొడవకి. అమ్మేమో ఆ మొగుడు తిరిగొచ్చాడా లేదా అని ఫోన్ చేసినప్పుడల్లా అడుగుతోంది.