ఇంట్లో తుపాకీ: యజమాని ఇష్టమా, పిల్లలుంటేనే తాళమా, ఎప్పుడూ తాళమా? ఏది మేలు?

అమెరికాలో ఇంట్లో తుపాకీ ఉంచుకోవడం హక్కా కాదా అన్న వాదన 2008 జూన్ 26తో చాలావరకు తేలిపోయింది. ఆత్మరక్షణ కోసం ఇంట్లో పిస్తోలు ఉంచుకునే హక్కు రాజ్యాంగ రెండో సవరణలో ఉందని ఆ రోజు అక్కడి సుప్రీంకోర్టు 5–4 ఆధిక్యంతో తీర్పు చెప్పింది. 2010లో షికాగో కేసులో అదే సూత్రం రాష్ట్రాలకూ నగరాలకూ వర్తిస్తుందని ప్రకటించింది. ఇక మిగిలింది మరో ప్రశ్న. ఉంచుకున్న తుపాకీ ఇంటి లోపల ఎలా ఉండాలో చట్టం చెప్పవచ్చా? చెబితే ఎంతవరకు చెప్పాలి?

దీనికి రాష్ట్రానికో జవాబు ఉన్నా, అవన్నీ దాదాపు మూడు దారుల్లోకి వస్తాయి. కొన్ని రాష్ట్రాలు ఇంటి లోపలి సంగతి పూర్తిగా యజమానికే వదిలేశాయి. ఫ్లోరిడా, టెక్సస్ వంటివి పిల్లల చేతికి తుపాకీ చిక్కితే యజమానిని శిక్షిస్తాయి. మసాచుసెట్స్, ఆరెగన్ రాష్ట్రాలు ఇంట్లో పిల్లలున్నా లేకున్నా, ఒంటి మీదో అదుపులోనో లేని తుపాకీకి తాళం పడాల్సిందేనంటాయి. నా మొగ్గు ఈ మూడోదాని వైపు. అయితే దాని కన్నా కఠినమైన పద్ధతి ఒకటి కోర్టులో వీగిపోయింది. అది ఎందుకు వీగిపోయిందో చూస్తేనే మూడోది ఎందుకు నిలబడిందో అర్థమవుతుంది.

ఆ పద్ధతి రాజధాని వాషింగ్టన్ నగరానిది. 1976లో అక్కడ చేసిన చట్టం ప్రకారం సామాన్యులు పిస్తోలు కొత్తగా నమోదు చేసుకునే వీలే లేదు. రైఫిల్, షాట్‌గన్ ఉంచుకోవచ్చు గానీ తూటాలు తీసేసి, భాగాలు విడదీసి ఉంచాలి, లేదా ట్రిగ్గర్‌కు తాళం వేయాలి. దొంగ తలుపు పగలగొడుతున్నప్పుడు తాళం తీయవచ్చా అంటే, చట్టం మాటల్లో ఆ మినహాయింపు కనిపించదు. మినహాయింపు ఉన్నట్టే అర్థం చేసుకోవాలని నగరం తరఫున వాదించినా కోర్టు ఒప్పుకోలేదు. ఇంకో నిబంధన మరీ విడ్డూరంగా ఉండేది. లైసెన్సు లేకుండా పిస్తోలు పట్టుకుని సొంత ఇంట్లోనే ఒక గదిలోంచి ఇంకో గదిలోకి నడవడం కూడా నేరమే. ఈ కేసు వేసిన డిక్ హెల్లర్ వృత్తిరీత్యా సాయుధ కాపలాదారు. ప్రభుత్వ భవనం దగ్గర పనివేళల్లో తుపాకీ ధరించేవాడు, ఇంటికి వస్తే ఉంచుకునే హక్కు లేదు. ఆ చట్టం కొట్టివేయడం న్యాయమే అనిపిస్తుంది నాకు. ఆపద వేళ కూడా తుపాకీని వాడనివ్వని చట్టం భద్రతా నియమం అనిపించుకోదు. ఉంచుకోమని చెప్పి వాడకు అనడమే అవుతుంది.

మసాచుసెట్స్ చట్టం ఇక్కడే తెలివి చూపింది. 1998 నుంచి అక్కడ అమల్లో ఉన్న నియమం తుపాకీని ‘భద్రపరచడం’ గురించి మాత్రమే మాట్లాడుతుంది. భద్రపరిస్తే తాళమున్న పెట్టెలో ఉండాలి, లేదా తుపాకీకే తాళం పడాలి. యజమాని ఒంటి మీద గానీ, అదుపులో గానీ ఉన్న తుపాకీ భద్రపరచినట్టు లెక్కలోకి రాదు, దానికి తాళం అక్కర్లేదు. అదుపు అంటే మరొకరు అందుకోబోతే వెంటనే ఆపగలిగేంత దగ్గరలో ఉండడమని అక్కడి కోర్టులు వివరించాయి. నడుముకు కట్టుకుని వంటింట్లో తిరిగినా నేరం కాదు. మంచం పక్క సొరుగులో వదిలి పాలకోసం బజారుకు వెళితే నేరం. సుప్రీంకోర్టు తీర్పు వచ్చిన రెండేళ్లకే, 2010లో, ఈ చట్టాన్ని ఆ రాష్ట్ర అత్యున్నత న్యాయస్థానం సమర్థించింది. వాషింగ్టన్ చట్టంతో దీనికి పోలిక లేదని స్పష్టంగా చెప్పింది.

శాన్‌ఫ్రాన్సిస్కో 2007లో పిస్తోళ్లకు ఇలాంటి నియమమే పెట్టింది. దాని మీద వచ్చిన అభ్యంతరం ఈ మొత్తం చర్చలోకెల్లా బలమైనది, దాటవేయకూడనిది. నిద్రపోయేటప్పుడు, స్నానం చేసేటప్పుడు, బట్టలు మార్చుకునేటప్పుడు తుపాకీ ఒంటి మీద ఉండదు కదా, మనిషి అతి నిస్సహాయంగా ఉండే ఆ వేళల్లోనే తాళం వేయమంటే ఆత్మరక్షణ ఎక్కడ అని జస్టిస్ థామస్ 2015లో ప్రశ్నించారు. సుప్రీంకోర్టు ఆ కేసును విచారణకు తీసుకోలేదు, ఆయనతో జస్టిస్ స్కాలియా మాత్రమే గొంతు కలిపారు. కింది కోర్టు జవాబు వేరుగా ఉంది. ఆధునిక పెట్టెలు క్షణాల్లో తెరుచుకుంటాయి, తూటాలు నింపిన పిస్తోలును కూడా వాటిలో ఉంచుకోవచ్చు, కాబట్టి హక్కు మీద పడే భారం తక్కువ అని అది 2014లోనే తేల్చింది.

వాడుకలో చూస్తే నాకు కింది కోర్టు మాటే సబబుగా తోస్తుంది. మంచానికి పక్కనే గోడకో బల్లకో బిగించిన చిన్న పెట్టె అంకెలు నొక్కితే తెరుచుకుంటుంది. చీకట్లో వేళ్లతో తడిమి నొక్కేలా చేసినవీ ఉన్నాయి. ఆలస్యమయ్యేది కొద్ది క్షణాలు. ఆ క్షణాలు కూడా ప్రాణాంతకం కాగల సందర్భం ఒకటి ఉండవచ్చని ఒప్పుకుంటాను. కానీ సగం నిద్రలో దిండు కింద చెయ్యి పెట్టి, చప్పుడైన వైపు గురి పెట్టే మనిషికి, చప్పుడు చేసింది ఎవరో పోల్చుకోవడానికి పనికొచ్చేవీ ఆ క్షణాలే. రాత్రి ఆలస్యంగా ఇల్లు చేరిన కొడుకో, నీళ్లకోసం లేచిన భార్యో కావచ్చు కదా.

తాళాల్లోనూ తేడా ఉంది. తూటాలు నింపిన తుపాకీకి ట్రిగ్గర్ తాళం బిగించకూడదు, బిగించేటప్పుడే పేలే ప్రమాదం ఉంది. తీగ తాళం తుపాకీ లోపలి నుంచి పోతుంది కాబట్టి తూటాలు తీయక తప్పదు. అందుచేత ఆత్మరక్షణకే ఉంచుకున్నవారికి పెట్టే సరైనది. వేటకో గురి సాధనకో ఉన్న రైఫిల్‌కు తీగ తాళం చాలు, తూటాలు వేరే చోట ఉంచితే ఇంకా మంచిది.

ఇంట్లో రోజంతా ఒంటి మీదే ధరించేవారూ ఉన్నారు. పిల్లల విషయంలో ఇది సొరుగు కన్నా నయం. తుపాకీ ఎక్కడుందో పెద్దలకు ఎప్పుడూ తెలిసే ఉంటుంది. ప్రమాదమంతా విప్పే వేళ వస్తుంది. సోఫా మీదో, స్నానాలగదిలోనో ‘రెండు నిమిషాలే కదా’ అని పెట్టి మరిచిపోవడం తేలిక. చట్టం ధరించడానికి అనుమతిస్తూనే విప్పగానే పెట్టెలోకి పంపడం సరిగ్గా ఈ సందు మూయడానికే.

ఇక మొదటి దారి, యజమానికే వదిలేయడం. దీన్ని నేను తేలిగ్గా తీసిపారేయలేను. పోలీసులు వచ్చేసరికి ముప్పావు గంట పట్టే పొలాల మధ్య ఒంటరిగా బతికే మనిషి ‘నా ఇల్లు, నా బాధ్యత’ అంటే అందులో నిజం ఉంది. అతని ఇంటికి పిల్లలు రారు, అతను జాగ్రత్తపరుడే. ప్రభుత్వం పడకగదిలోకి ఎందుకు తొంగిచూడాలి?

కానీ అమెరికాలో తుపాకీ చావుల లెక్క దొంగల చుట్టూ తిరగడం లేదు. 2021లో తుపాకుల వల్ల 48,830 మంది చనిపోతే, అందులో 26,328 ఆత్మహత్యలు. సగానికి మించి. కాలిఫోర్నియాలో రెండున్నర కోట్లకు పైగా వయోజనుల వివరాలతో స్టాన్‌ఫర్డ్ పరిశోధకులు 2020లో ప్రచురించిన అధ్యయనంలో, పిస్తోలు ఉన్న పురుషులు లేనివారి కంటే దాదాపు 8 రెట్లు, స్త్రీలు దాదాపు 35 రెట్లు ఎక్కువగా తుపాకీతో ఆత్మహత్య చేసుకున్నట్టు తేలింది. ఇది తుపాకీ ఉండడం గురించిన లెక్క, తాళం గురించినది కాదు. తాళం సంగతి 2005లో వచ్చిన మరో అధ్యయనం చెబుతుంది. తుపాకీకి తాళం వేయడం, తూటాలు తీసి ఉంచడం, తూటాలకూ తాళం వేయడం, వాటిని వేరే చోట పెట్టడం, ఈ నాలుగింటిలో ప్రతి ఒక్కటీ పిల్లల, కౌమారుల ఆత్మహత్యలనూ ప్రమాదాలనూ తగ్గించడంతో ముడిపడి ఉంది.

ఆత్మహత్యకు తెగించినవాడిని తాళం ఆపుతుందా అని చాలామంది నమ్మరు. ఇజ్రాయెల్ సైన్యం అనుభవం చూడండి. వారాంతపు సెలవుకు ఇంటికి వెళ్లే సైనికులు రైఫిళ్లను శిబిరంలోనే వదిలి వెళ్లాలని 2006లో నియమం మార్చారు. సైనికుల ఆత్మహత్యలు సుమారు 40 శాతం తగ్గాయి, తగ్గుదల ముఖ్యంగా వారాంతాల్లోనే. తుపాకీ దూరమైనంత మాత్రాన వాళ్లు మరో దారి వెతుక్కోలేదు. ఆ ఉద్వేగం చాలామందిలో వచ్చిపోయేదే, చేతికందిన తుపాకీ మాత్రం దాన్ని పోనివ్వదు. తాళంచెవి తన చేతిలోనే ఉన్న యజమానిని ఆపడంలో మూడో దారి కూడా బలహీనమే, ఇది దాచాల్సిన పని లేదు. అయితే ఆ ఇంట్లోని పదహారేళ్ల పిల్లాడిని, కుంగిపోయిన భార్యను, మతిమరుపు వచ్చిన తండ్రిని అది కాపాడగలదు. మొదటి దారిలో వాళ్ల గురించి ఒక్క మాటా లేదు.

రెండో దారిని తెరిచింది ఫ్లోరిడా, 1989లో. పదహారేళ్ల లోపు పిల్లలకు అందే వీలున్న చోట తూటాలు నింపిన తుపాకీ వదిలి, అది వాళ్ల చేతికి చిక్కి బహిరంగ స్థలంలోకి వెళ్లినా, బెదిరింపుగానో నిర్లక్ష్యంగానో వాళ్లు దాన్ని చూపినా యజమాని శిక్షార్హుడు. టెక్సస్‌లో ఈ వయసు పదిహేడు. అయితే అక్కడ పిల్లాడు తనను తానే కాల్చుకుని చనిపోయినా, తీవ్రంగా గాయపడినా, నిందితుడు కుటుంబ సభ్యుడైతే పోలీసులు ఏడు రోజుల దాకా అరెస్టు చేయకూడదు. కడుపుకోతలో ఉన్న తల్లిదండ్రుల పట్ల అది మానవత్వమే, దాన్ని తప్పుపట్టను. నా బాధ ఇంకోటి. ఈ చట్టం గొంతు విప్పేది పిల్లాడి చేతికి తుపాకీ వచ్చాకే.

మిచిగన్‌లో ఆ చట్టమూ లేని కాలంలో జరిగింది చూడండి. 2021 నవంబరు 30న ఆక్స్‌ఫర్డ్ ఉన్నత పాఠశాలలో పదిహేనేళ్ల విద్యార్థి నలుగురు తోటి విద్యార్థులను కాల్చి చంపాడు. ఆ పిస్తోలు అంతకు నాలుగు రోజుల ముందు తండ్రి కొన్నది. తల్లిదండ్రులిద్దరూ వేర్వేరు విచారణల్లో నరహత్య నేరం కింద దోషులుగా తేలి, 2024లో కనీసం పదేళ్ల జైలుశిక్ష పొందారు. తుపాకీ భద్రత చట్టం లేకపోవడంతో ప్రాసిక్యూషన్ సాధారణ నేర చట్టాన్నే ఆశ్రయించాల్సి వచ్చింది. 2024 ఫిబ్రవరి 13 నుంచి ఆ రాష్ట్రంలో మైనర్లు ఉండే అవకాశమున్న చోట తాళం తప్పనిసరి.

‘ఇళ్లలోకి వెళ్లి ఎవరు చూస్తారు, తాళం చట్టం కాగితం మీదే కదా’ అనే మాట తరచూ వినిపిస్తుంది. నిజమే, సాధారణంగా వారంటు లేకుండా పోలీసులు అమెరికా ఇంట్లో అడుగుపెట్టలేరు, పెట్టకూడదు కూడా. కానీ కారులో బెల్టు పెట్టుకునేవాళ్లంతా పోలీసు కనబడే పెట్టుకోవడం లేదు. నియమం ముందే ఉంటే దుకాణదారు చెబుతాడు, పిల్లల డాక్టరు గుర్తుచేస్తాడు. (తుపాకుల గురించి రోగులను అడగకూడదని ఫ్లోరిడా 2011లో డాక్టర్ల నోరు కట్టేసింది. 2017లో అప్పీలు కోర్టు ఆ చట్టంలోని ముఖ్యభాగాన్ని కొట్టివేసింది.)

బ్రిటన్, జపాన్ పద్ధతుల గురించి రెండు మాటలు చాలు. అక్కడ తుపాకీ అనుమతితో వచ్చేది. ఆత్మరక్షణ అనే కారణంతో బ్రిటన్‌లో అనుమతి దొరకదు, అనుమతి లేని జీవిత భాగస్వామికి కూడా తాళంచెవి అందకూడదు. జపాన్‌లో తుపాకీ, తూటాలు వేర్వేరు తాళాల్లో ఉండాలి, పోలీసులు తనిఖీ చేస్తారు. ప్రాణాల లెక్కలో అవే మెరుగు. కానీ 2008 తీర్పు తర్వాత అమెరికాలో ఆ తలుపు మూసుకుపోయింది కాబట్టి, అక్కడివారి ఎంపిక ఈ మూడింటి మధ్యే.

ఫ్లోరిడా, టెక్సస్‌లలో ఉన్నవారు తమ నగరమైనా మసాచుసెట్స్ నియమం తెస్తుందని ఆశించలేరు. తుపాకుల మీద నగరాలు సొంత నిబంధనలు పెట్టకుండా రాష్ట్ర చట్టాలే అడ్డుకుంటున్నాయి. ఇంట్లో ఆ నియమం పాటించుకోవడానికి మాత్రం ఎవరి అనుమతీ అక్కర్లేదు. 2005 నాటి కేంద్ర చట్టం ప్రకారం లైసెన్సు ఉన్న దుకాణదారు పిస్తోలుతో పాటు తాళమో పెట్టో ఇచ్చి తీరాలి, వాడమని మాత్రం ఆ చట్టం బలవంతపెట్టదు. వాడిన యజమానికి ఒక రక్షణ ఇచ్చింది: తాళం వేసిన పిస్తోలును అనుమతి లేకుండా వేరొకరు చేజిక్కించుకుని నేరం చేస్తే, బాధితులు వేసే నష్టపరిహార దావా యజమాని మీద నిలవదు.