లండన్‌లో 1911 జనాభా లెక్కల బహిష్కరణ జాడలు: ఏది చూడాలి, ఎక్కడ ఆగనక్కర్లేదు

1911 ఏప్రిల్ 2, ఆదివారం రాత్రి బ్రిటన్‌లో జనాభా లెక్కలు జరిగాయి. ‘ఓటు లేకపోతే లెక్కా లేదు’ అంటూ ఓటు హక్కు కోరిన మహిళలు వాటిని బహిష్కరించారు. కొందరు ఫారం నింపకుండా దానిమీదే నిరసన రాసి పంపారు. ఇంకొందరు ఆ రాత్రి ఇంట్లోనే లేకుండా పోయారు. 5 పౌండ్ల దాకా జరిమానా పడుతుందని తెలిసే చేశారు. చివరికి ప్రభుత్వం కేసుల జోలికి పోలేదు.

ఈ చరిత్ర కట్టడాల్లో కన్నా కాగితాల్లోనే ఎక్కువ మిగిలింది. అందుకే ఒక రోజు పూర్తిగా క్యూ (Kew) అనే ప్రాంతంలోని నేషనల్ ఆర్కైవ్స్‌కే, అంటే ప్రభుత్వ పాత దస్త్రాల భాండాగారానికే కేటాయించండి. ప్రవేశం ఉచితం. ఇంటిపెద్దలు తమ చేత్తో నింపిన ఫారాలు భద్రంగా మిగిలింది ఈ లెక్కల నుంచే. ఆర్‌జీ 14 అనే ఆ దస్త్రాలను కంప్యూటర్లలో చూపిస్తారు, దానికి రీడర్ టికెట్ అక్కర్లేదు. బయట డబ్బు కట్టి చూడాల్సిన వెబ్‌సైట్లు అక్కడ ఉచితం. హోం శాఖ పాత ఫైళ్లు కూడా కావాలంటే మాత్రం టికెట్ తీసుకోవాలి. పాస్‌పోర్టుతో పాటు చిరునామా రుజువు పట్టుకెళ్లండి. చదివే గదిలోకి పెన్ను రానివ్వరు, పెన్సిలే.

వెతకడంలో చాలామంది పొరపడేది ఒకటుంది. పేరుతో వెతుకుతారు, దొరకదు. దొరక్కూడదనే కదా వాళ్లు ఇల్లు వదిలింది! చిరునామాతో వెతకండి. కుటుంబంలో మగవాళ్లే కనిపించి, భార్యా కూతుళ్లు లేకపోతే అనుమానించాలి. అయితే ఆ ఒక్క ఆధారంతో బహిష్కరణేనని తేల్చేయకూడదు, చుట్టాలింటికీ వెళ్లి ఉండొచ్చు. నిరసన రాసిన ఫారాలపై ఎన్యూమరేటర్ (ఇంటింటికీ తిరిగి లెక్క రాసుకునే ఉద్యోగి) తర్వాత అంచనాగా చేర్చిన వయసులను నమ్మొద్దు.

బహిష్కరణలో పాల్గొన్న ఉద్యమకారిణి ఎమిలీ డేవిసన్ పేరు మాత్రం రెండు చోట్ల దొరుకుతుంది. ఆ రాత్రి ఆమె పార్లమెంటు భవనం కింది సెయింట్ మేరీ చాపెల్‌లో, చీపుర్లు పెట్టే గూటిలో దాక్కుంది. తన చిరునామా హౌస్ ఆఫ్ కామన్స్ అని నమోదు కావాలని ఆమె పట్టుదల. దొరికిపోయాక అక్కడా రాశారు, కోరమ్ స్ట్రీట్‌లోని బసలోనూ రాశారు.

ఆ గూటిలో ఎంపీ టోనీ బెన్ 1991లో ఫలకం పెట్టించారు. కానీ మామూలు పార్లమెంటు టూరులో చాపెల్ ఉండదు. అది తెలియక టికెట్ కొని నిరాశపడేవాళ్లున్నారు. అయినా టూరు దండగ కాదు. సెయింట్ స్టీఫెన్స్ హాల్లో వైకౌంట్ ఫాక్‌లండ్ విగ్రహం బూటు మడమకుండే ముల్లు (గుర్రాన్ని అదిలించే స్పర్) విరిగి ఉంటుంది, 1909లో ఒక ఉద్యమకారిణి దానికి గొలుసుతో కట్టుకున్నప్పటి గుర్తు. బయట పార్లమెంట్ స్క్వేర్‌లో మహిళల ఓటు హక్కు ఉద్యమ నాయకురాలు మిలిసెంట్ ఫాసెట్ విగ్రహం. ఆమె సంఘం ఈ బహిష్కరణలో చేరలేదు. అయినా పీఠంపై బహిష్కరించిన ఎమిలీ, సోఫియా దులీప్ సింగ్‌ల ముఖాలున్నాయి, తప్పక చూడండి.

లెక్కకు దొరక్కుండా ఆ రాత్రి వందల మంది తెల్లవార్లూ గడిపిన ఆల్డ్‌విచ్‌లోని స్కేటింగ్ రింకు ఇప్పుడు లేదు, దానికోసం ఆగనక్కర్లేదు. ట్రాఫల్గర్ స్క్వేర్ నుంచి స్ట్రాండ్ వెంట నడిస్తే చాలు.

సోఫియా పంజాబ్ మహారాజా రంజిత్ సింగ్ మనవరాలు. హాంప్టన్ కోర్ట్ ఎదుట ఆమె ఉన్న ఫారడే హౌస్‌కు 2023లో నీలి ఫలకం (ప్రముఖులు ఉన్న ఇళ్లకు పెట్టే గుర్తు) పెట్టారు. వాటర్లూ నుంచి రైల్లో సుమారు 35 నిమిషాలు. ఇల్లు ప్రైవేటుది, రోడ్డు మీంచే చూడాలి. ఒక్క ఫలకం కోసమైతే దూరమే, ప్యాలెస్‌తో కలిపి పెట్టుకోండి. ఆడవాళ్లు లెక్కలోకి రారు గనక లెక్కపెట్టించుకోవడానికీ ఒప్పుకోరని ఆమె రాసిన ఫారం చదివి వెళ్తే ఆ ఇంటికి అర్థం వస్తుంది.

బసకు బ్లూమ్స్‌బరీ మేలు. కోరమ్ స్ట్రీట్ అక్కడే, దగ్గరి స్టేషన్ రసెల్ స్క్వేర్. డ్రమ్మండ్ స్ట్రీట్‌లో దోసె, శాకాహార భోజనం నడక దూరంలో దొరుకుతాయి. క్యూకి వెళ్లాలంటే పికడిల్లీ లైన్లో హామర్‌స్మిత్ దాకా వెళ్లి, డిస్ట్రిక్ట్ లైన్లో రిచ్‌మండ్ రైలే ఎక్కాలి. ఈలింగ్ రైలెక్కితే టర్నమ్ గ్రీన్ తర్వాత దారి మళ్లిపోతుంది. ఆర్కైవ్స్‌కు ఆది, సోమవారాలు సెలవు. కాబట్టి శుక్రవారం క్యూ, శనివారం పార్లమెంటు, ఆదివారం హాంప్టన్ కోర్ట్ పెట్టుకుంటే కుదురుతుంది.